ఋతంభర నిరాకరించిన ఏడవ ఆహుతి

పూర్వం, అధర్మమన్న మాటే లేదని కవులు పొగిడే కృతయుగంలో, వింధ్యపర్వతపు దక్షిణపు చరియన, ముల్లోకాలూ తపోధనుడని కీర్తించిన ధవళవ్రతుడనే మహర్షి ఉండేవాడు. సృష్ట్యాదిలో ఏకైక శ్వేతజ్యోతి తన్ను తాను చూసుకోగోరి ఏడు రంగులుగా చీలిందనీ, ఆ ఏడూ జీవులను అంటుకొని ఏడు బంధాలైనాయనీ, పసుపు ఆశయై, ఎరుపు క్రోధమై, ఆకుపచ్చ మమకారమై, అన్నిటికన్న లోతైన నీలం స్మృతియై వారిని జన్మజన్మలకు ఈడ్చుకుపోతున్నాయనీ ఆయన దర్శించి, దానికి శుక్లదర్శనమని పేరుపెట్టి శిష్యకోటికి ఉపదేశించాడు. ఏ రంగునైనా వస్త్రానికి అద్ది మంత్రపూర్వకంగా అగ్నికి అర్పిస్తే, ఆ రంగు కర్త కంటికి శాశ్వతంగా బూడిదై, దాని బంధం తెగిపోతుంది. ఏడూ తెగిననాడు శ్వేతజ్యోతిలో లయం. ఇదీ ఆయన సిద్ధాంతం.

గృహస్థు ఒంటరిగా హోమం చేయరాదు గనుక, ప్రతి ఆహుతివేళా ఆయన ధర్మపత్ని, మహాసాధ్వి అయిన ఋతంభర, భర్త భుజాన్ని దర్భతో తాకుతూ పక్కన నిలిచేది. మంజిష్ఠ వేళ్లు నూరి, పసుపు కాచి ఆ వస్త్రాలకు రంగులద్దినది కూడా ఆమెయే. కర్మఫలం దంపతులిద్దరికీ సమానం కాబట్టి మహర్షి కన్నులలో ఏ రంగు ఆరిందో, ఆమె కన్నులలోనూ అదే ఆరింది. అలా ఆరుతుందని ఆయనకు ముందే తెలుసు. ఆమెను అడగాలని మాత్రం తోచలేదు. అగ్నిసాక్షిగా ఒకనాడు చేయిపట్టినందువల్ల అన్నిటికీ అనుమతి లభించినట్టేనని ఆ వేదవేత్త భావించాడు.

వారికి శారిక అనే ఒక్కగానొక్క కూతురు. ఏది పెట్టినా ముందు వంకపెట్టి, తరువాత నవ్వి తినే పిల్ల. ఆ అడవిలో రుధిరఫలమనే తీగపండు విరివిగా కాసేది. ఎర్రబడితే అది అమృతతుల్యం. ఆకుపచ్చగా ఉండగా కాలకూటం. పరిమాణంలో గాని, మెత్తదనంలో గాని, వాసనలో గాని రెంటికీ భేదం లేదు. ఎరుపు ఆహుతి అయినాక కూడా ఋతంభర ఆకుపచ్చని కాయలను గుర్తించి విడిచిపెట్టి, తక్కినవి కోసి తెచ్చేది. ఆరవదిగా ఆకుపచ్చ సైతం అగ్నిలో పడిన తరువాత, ఇక పండ్లను ఎలా ఏరాలని ఆమె భర్తను అడిగింది. రంగు నశించినచోట గుణభేదమూ నశిస్తుందనీ, సందేహించడం వ్రతభంగమనీ ఆ జ్ఞాననిధి సెలవిచ్చాడు. ఆమె నమ్మింది. మరునాటి ఉదయం చేతికందినవి కోసి తెచ్చి బిడ్డ ముందుంచింది.

"అమ్మా, ఇవాళ చేదుగా ఉందే" అన్నది శారిక.

"నీకు ఏనాడు తియ్యగా ఉంది కనుక? వంకలు మాని తిను, తల్లీ."

పిల్ల నవ్వి తిన్నది. సూర్యుడు నడినెత్తికి రాకముందే ప్రాణం విడిచింది.

ధవళవ్రతుడు కంటతడి పెట్టలేదు. బిడ్డను దర్భలపై పరుండబెట్టించి, చితికి ముందే ఏడవ ఆహుతి జరగాలని నిర్ణయించి, నీలివస్త్రం తెప్పించి, అగ్నిని ప్రజ్వలింపజేసి భార్యను పిలిచాడు.

"దేవీ, నీలం స్మృతి. ఇది కూడా అర్పిస్తే ఈ దుఃఖం నిన్ను తాకదు. శారిక అన్న పేరే నీకు తోచదు. వచ్చి దర్భ పట్టు."

"పట్టను."

"శోకం నీచేత ఈ మాట అనిపిస్తున్నది."

"కాదు, స్వామీ. అడగకుండా నా కళ్లు తీసుకున్నారు, ఊరుకున్నాను. ఈ చేతులే దానికి విషం తినిపించాయి. ఆ సంగతి మరపించే మోక్షం మీరొక్కరే పొందండి, ఒంటరిగా పొందగలిగితే."

సరిగ్గా ఆ క్షణాన ఆకాశంలో సూర్యుని రథం నిలిచిపోయింది. ఏలననగా, భూమిపై పడిన ఒక్కొక్క ఆహుతికీ సూర్యరథాశ్వాలలో ఒక్కొక్కటి వన్నె కోల్పోయి, నీరసించి, ఆరూ కాళ్లీడుస్తుండగా, నీలాశ్వమొక్కటే అంతవరకు భారం మోసింది. అదీ నేలకొరిగితే లోకాలకు ఉదయమే లేదని తెలిసిన కర్మసాక్షి, సహస్రకిరణుడు, భాస్కరుడు ఆ ఆశ్రమానికి దిగివచ్చి, మహర్షిని దాటి నడిచి ఋతంభర ముందు నిలిచాడు.

"అమ్మా, నీ నిరాకరణవల్ల నా రథం మిగిలింది. వరం కోరుకో."

"నా బిడ్డ."

"అది నాకు సాధ్యం కాదు."

"యముడు నీ కుమారుడే కదా, ప్రభూ?"

"కుమారుడే. అందుచేతనే అతని ధర్మంలో చేయి పెట్టను" అని లోకబాంధవుడు తల దించుకున్నాడు.

అప్పుడు ఋతంభర, దంపతుల కర్మలో ఎవరు నోరువిప్పి ఒప్పుకోలేదో వారికి ఆ కర్మ అంటకూడదనీ, అట్టి ఆహుతి అసంపూర్ణమై, అది హరించిన వన్నె తిరిగి యథాస్థానం చేరాలనీ కోరింది.

"నీ కళ్లకూ రంగులు వస్తాయి. వాటితో వచ్చేది భరించగలవా?"

"చూడకుండా పెట్టాను. చూసి ఏడవనీ."

తథాస్తు అన్నాడు దివాకరుడు. గుర్రాలు వన్నెలు పొంది సకిలించాయి. రథం కదిలింది. తామరలు విచ్చాయి, పైర్లకు పచ్చదనం, సంధ్యకు అరుణిమ సమకూడాయి. ఋతంభర కంటికి మొట్టమొదట కనిపించింది ఆకుపచ్చ. బిడ్డ పెదవుల అంచున ఎండిన కాయరసం. ఆమె నేలకు ఒరిగి, ఆ పెదవులను కొంగుతో తుడుస్తూ ఉండిపోయింది.

తాను కోరి విడిచినవాడు గనుక మహర్షికి మాత్రం ఏ రంగూ తిరిగి రాలేదు. అందుకే ఆయన బూడిదవన్నె బిడ్డను, బూడిదవన్నె భార్యను చూస్తూ, తన జీవితంలో మొదటిసారిగా ఆమెను ఒక ప్రశ్న అడిగాడు:

"నీకేమి కనిపిస్తున్నది?"

ఆమె బదులు చెప్పలేదు.

ఈ వృత్తాంతం విన్నవారికి స్వర్గం సిద్ధిస్తుందని పెద్దలు చెప్పలేదు. దీన్ని విన్న ఏ గృహస్థైనా, అగ్ని ముందు కూర్చున్నప్పుడు పక్కనున్న ఇల్లాలిని ఒక్కసారి అడిగి, ఆమె బదులు చెప్పేదాకా ఆగితే, అదే దీని శ్రవణఫలమన్నారు.