తెడ్డు మీద జీడిపండు

అనగనగా ఒక ఊరనుకో. ఆ ఊరికి ఒక పక్క సముద్రం, మిగతా మూడు పక్కలా జీడితోటలు అనుకో. దుప్పటి మెడ దాకా లాక్కో. కాళ్ళు ఆడించకు, కాళ్ళు ఆడిస్తే కథ పారిపోతుంది.

ఆ ఊళ్ళో దమయంతి అని ఒక పిల్ల ఉండేది. పదేళ్ళది. ఎందుకే నవ్వుతావు? నా పేరూ దమయంతే, అయితే ఏమిటంట? ఆ రోజుల్లో మా వైపు వీధికో దమయంతి ఉండేది. ఇది వేరే దమయంతి. నోరు మూసుకుని విను.

ఆ ఊళ్ళో ఏటా ఎండాకాలంలో అమ్మవారి సంబరం జరిగేది. ఆ రోజు ఊరందరికీ పరమాన్నం వండాలి. ఎవరు వండాలి? ఆ ఏడు పదేళ్ళు నిండిన ఆడపిల్ల వండాలి. పెద్దవాళ్ళు పొయ్యి రాజేసి పెడతారు, గుండిగ ఎత్తి దించుతారు, అంతే. తెడ్డు మాత్రం ఆ పిల్ల చేతిలోనే ఉండాలి.

అది అల్లాటప్పా తెడ్డు కాదు. పనసకర్రతో చేసిన పొడుగాటి తెడ్డు. వండిన ప్రతి పిల్లకీ దాని కాడ మీద ఒక గాటు పెట్టేవాళ్ళు. దమయంతి వాళ్ళమ్మ గాటు ఉంది. వాళ్ళ అమ్మమ్మ గాటూ ఉంది. పదేళ్ళప్పుడు వండితేనే గాటు. పదకొండేళ్ళప్పుడు వచ్చి ఏడ్చినా పెట్టరు.

ఆ ఏడు వంతు దమయంతిది. దాని కోసం ఆ పిల్ల ఎన్ని నెలలు ఎదురుచూసిందో! రోజూ వెళ్ళి తెడ్డు చూసొచ్చేది. తెడ్డు నీలాచలమ్మ ఇంట్లో గోడకి వేలాడుతూ ఉండేది. ఆవిడ ఊరికి పెద్ద. మాట కరుకు, చూపు ఇంకా కరుకు. అమ్మవారికి దండం పెట్టడం మర్చిపోయినవాళ్ళు కూడా ఆవిడకి పెట్టకుండా ఆ గుమ్మం దాటేవాళ్ళు కాదు.

సంబరం బెల్లం కూడా వంతు పిల్ల ఇంట్లోనే ఉంచాలి. పెద్ద కుండ నిండా బెల్లం అచ్చులు వచ్చాయి. వాళ్ళమ్మ రాజులమ్మ కుండని అటక మీద పెట్టి, "దించకు సుమీ" అంది.

దించకుండా ఉంటుందా? ఇంకా మూడు రోజుల్లో సంబరమనగా ఆ పిల్ల కుండని దించి, ఈడ్చుకుంటూ వీధి అరుగు మీదికి తెచ్చింది. ఎందుకో తెలుసా? స్నేహితురాళ్ళకి చూపించి గొప్పలు పోవడానికి. "ఇదంతా నా బెల్లం, నేను వండితేనే మీరు తింటారు" అని తిప్పుకుంటూ చెప్పింది. అప్పుడు నాలుగు తగిలించాల్సింది దానికి. ఎవరూ తగిలించలేదు.

అంతలో గాలివాన వచ్చింది. పిల్లలంతా కేకలేసుకుంటూ ఇళ్ళల్లోకి పరిగెత్తారు. కుండ అరుగు మీదే ఉండిపోయింది. అప్పుడు పక్కనున్న కొబ్బరిచెట్టు ఒక్క ఊపు ఊగింది. ఒక కాయ రాలి సరిగ్గా కుండ మీద పడింది. కుండ రెండు చెక్కలైంది. వాన వెలిసేసరికి బెల్లమంతా కరిగి బురదలో కలిసిపోయింది.

ఊరి దారికి అడ్డంగా చెట్లు పడ్డాయి. వారం దాకా బండి రాదన్నారు. ఇళ్ళల్లో చూస్తే పిల్లల మందుకని దాచుకున్న ముక్కలు తప్ప బెల్లం లేదు.

దమయంతి వెళ్ళి నీలాచలమ్మ ముందు నిలబడింది. జరిగిందంతా దాచకుండా చెప్పింది. నీలాచలమ్మ విని, "తీపి నేకుండా పరమాన్నం ఎలాగవుద్దే గుంటా? ఈ ఏటికి కొబ్బరిముక్క పంచేద్దుం. తెడ్డు కిందికి దిగదు" అంది.

అంటే గాటు లేదన్నమాట. ఇక ఎప్పటికీ లేదన్నమాట. ఆ పిల్ల తోటలోకి పోయి కూర్చుని వెక్కి వెక్కి ఏడ్చింది. పాపం, ఎంత ఏడ్చిందో నాకు తెలుసు. నాకెలా తెలుసంటే, తెలుసు. అడక్కు.

ఏడుస్తూ ఏడుస్తూ చుట్టూ చూసింది. గాలికి జీడిపళ్ళు రాలి నేలంతా ఎర్రగా, పచ్చగా పరుచుకుని ఉన్నాయి. మా వైపు జీడిపిక్క ఒలుచుకుని పండు పారేస్తారు. పండు నిండా రసమే, కానీ కొరికితే గొంతు పట్టేస్తుంది. అందుకే పశువులు కూడా దాని మొహం చూడవు. ఆ పిల్ల ఒక పండు కొరికింది. గొంతు పట్టేసింది. కానీ దానికంటే ముందు, నాలిక చివర తియ్యగా తగిలింది.

"తీపి ఇక్కడే ఉంది" అనుకుంది. కళ్ళు తుడుచుకుంది.

మొదటి రోజు బుట్టెడు పళ్ళు ఏరింది. పిక్కలు మెలితిప్పి జాగ్రత్తగా తీసింది. పిక్క తొక్కలో నూనె ఉంటుంది, తగిలితే ఒళ్ళు పొక్కిపోతుంది. ఆ తర్వాత పళ్ళు పిండి, రసం ఇనప మూకుట్లో పోసి మరగబెట్టింది. రసం నల్లబడింది. ఇంకా నల్లబడింది. ఆఖరికి కాటుకలా అయి కూర్చుంది. అమ్మ చూసి, "దీన్ని తినడం కాదు, కళ్ళకి పెట్టుకోవాల" అంది.

రెండో రోజు దమయంతి ఇనుము మానేసి మట్టికుండ పెట్టింది. ఈసారి రంగు బాగా వచ్చింది. మరిగి మరిగి చిక్కబడింది. వాసన కూడా కమ్మగా ఉంది. రాజులమ్మ ఒక చెంచాడు నోట్లో వేసుకుంది. అంతే, గొంతు పట్టేసి మాట పోయింది! రాజులమ్మ మాట్లాడకుండా ఉండడం ఆ ఊరు ఎన్నడూ ఎరగదు. ఇరుగూ పొరుగూ వచ్చి చూసిపోయారు.

సాయంత్రానికి గొంతు పెగిలింది. "మిగిలిన రసం కుడితిలో పారబొయ్యే. నీకు దండం పెడతాను, పొయ్యి దగ్గిరికి మరి రాకు" అంది.

దమయంతి పిండిన పచ్చి రసం తీసుకెళ్ళి దూడ ముందున్న తొట్టిలో పోసింది. తొట్టిలో అప్పుడే వార్చిన గంజి ఉంది. పోసి, గోడకి చేరబడి కూర్చుంది. రేపే సంబరం. ఏడవడానికి కూడా ఓపిక లేదు.

కాసేపటికి చప్పుడు వినిపించింది. దూడ కళ్ళు మూసుకుని జుర్రుతోంది. జీడిపండు మొహం చూడని దూడ! ఆ పిల్ల లేచి తొట్టిలోకి తొంగి చూసింది. గంజీ రసం కలిసి పాలు విరిగినట్టు విరిగాయి. మడ్డి అంతా అడుక్కి దిగింది, పైన తేనెరంగు తేట నిలిచింది. దమయంతి ఆ తేటలో వేలు ముంచి నాకింది. ఛీ అనకు. నువ్వు నేల మీద పడ్డ బిస్కెట్ తినలేదూ?

తియ్యగా ఉంది! గొంతు పట్టలేదు. మళ్ళీ నాకింది. అయినా పట్టలేదు. గొంతు పట్టే గుణాన్ని గంజి తనతో పాటు అడుక్కి లాక్కుపోయింది.

మూడో రోజు తెల్లారేసరికి దమయంతి ఇంటింటికీ తిరిగింది. "పెద్దమ్మా, నీ గంజి పారబొయ్యకు. అత్తా, నీ గంజి నాకియ్యి" అని అడిగింది. నవ్వినవాళ్ళు నవ్వారు, ఇచ్చినవాళ్ళు ఇచ్చారు. స్నేహితురాళ్ళు బుట్టలు పట్టుకుని తోటకి పోయి తాజా పళ్ళు ఏరుకొచ్చారు. నిన్నటి పళ్ళు పనికిరావు, పులిసిపోతాయి.

పిండారు. చల్లారిన గంజి కలిపారు. తేరుకునేదాకా ఎవర్నీ కదపనివ్వలేదు దమయంతి. ఆ తర్వాత పైతేట మాత్రం మెల్లగా వంచి, పల్చటి గుడ్డలో వడకట్టి, మట్టికుండల్లో పొయ్యెక్కించింది. సన్నని సెగ. తెట్టు తీస్తూ, కలుపుతూ నిలబడింది. కుండలో మెడ దాకా ఉన్న రసం అడుక్కి దిగింది. గరిటె ఎత్తితే తీగలా సాగింది. బెల్లం ముక్క వెయ్యలేదు, పంచదార పలుకు వెయ్యలేదు. ఒట్టి పండు తీపి!

అప్పుడు నీలాచలమ్మ వచ్చింది. వెనక ఊరంతా వచ్చింది. దమయంతి ఆకులో ఇంత పాకం పోసి ఇచ్చింది. నీలాచలమ్మ నాలిక మీద వేసుకుంది. నోరు మూసుకుంది.

"ముసలమ్మకీ గొంతు పట్టేసింది రా" అన్నారు వెనక ఎవరో.

నీలాచలమ్మ చెయ్యి మళ్ళీ చాపింది. రెండోసారి నాకింది. మూడోసారి ఆకు మడత పెట్టి మరీ నాకింది. ఆ తర్వాత పెదాలు తుడుచుకుని, "బేగి పోయి ఆ తెడ్డు దించండి" అంది.

బియ్యం ఉడికింది. కొబ్బరిపాలు పోశారు. ఏ కొబ్బరికాయో తెలుసా? కుండ పగలగొట్టింది చూడు, ఆ కాయ కూడా అందులో ఉంది. దమయంతి వెతికి తెచ్చి మరీ తనే కొట్టింది. గుండిగ దించాక పాకం పోసి కలిపింది. ఊరంతా ఆకులు పట్టుకుని కూర్చుంటే ఆ పిల్ల ప్రతి ఆకులో తెడ్డుతో వడ్డించింది. దూడకి కూడా పెట్టింది. ఈసారి "ఇది నా పాకం" అని ఎక్కడా అనలేదు. అనాల్సిన పని లేకుండా ఊరే అంది.

నీలాచలమ్మ కత్తి తీసుకుని తెడ్డు కాడ మీద గాటు పెట్టబోయి ఆగింది. "గాటు అందరికీ ఉంది. ఈ గుంటకి చాలదు" అంది. కూర్చుని, ఓపిగ్గా, ఒక చిన్న జీడిపండు చెక్కింది, కింద పిక్క వేలాడుతున్నట్టు. ఆ ఏటి నుంచి ఆ ఊళ్ళో జీడిపండు పారెయ్యడం మానేశారు. ఎండాకాలం వస్తే ఇంటింటా గంజి దాచారు, పాకం కాచారు.

ఏమిటీ, తెడ్డు ఇప్పుడు ఎక్కడుందా? లే, ఒక్క నిమిషం లే. ఆ తలుపు వెనక మేకుకి చూడు. చెయ్యి పెట్టు. మెల్లగా. ఇదిగో గాట్లు, ఇది మా అమ్మమ్మది, ఇది మా అమ్మ రాజులమ్మది. ఇంకాస్త కిందికి నున్నగా, గుండ్రంగా తగుల్తోందే, అదేమిటి?

అవునే. జీడిపండే. ఆ దమయంతిని నేనే. వేరే దమయంతీ లేదు, ఏమీ లేదు. నీలాచలమ్మ తర్వాత ఈ తెడ్డు దాచే పని నాకొచ్చింది. అన్ని గాట్ల మధ్యా ఒక్కటే పండు, అది మీ అమ్మమ్మది! గొప్పలు పోకూడదని నాకు ఆ బెల్లం కుండ నేర్పింది కాబట్టి ఇంతసేపు ఆగాను. ఇక ఆగలేను.

గాట్లన్నిటి కింద ఇంకా ఖాళీ ఉంది, తడిమి చూడు. నీకు పదేళ్ళు రావడానికి ఇంకా మూడేళ్ళుంది. ఈలోగా గంజి వార్చడం నేర్చుకో. ఇక పడుకో.

పిక్కేమో బుట్టలోకి,
పండేమో కుండలోకి,
పాకమేమో ఆకులోకి,
కథేమో కంచిలోకి,
అమ్మమ్మా నువ్వూ నిద్దట్లోకి.