తినే వచ్చాను

ఫ్రాన్సు దేశంలో లూర్వాల్ అనే చిన్న పట్నంలో ఆల్బన్ అని ఒక రాజకీయ నాయకుడు ఉండేవాడు. అడిగినవాళ్లందరికీ పనులు చేసిపెట్టేవాడు గాని, తాను మాత్రం ఎవరి దగ్గరా గుండుసూది కూడా పుచ్చుకునేవాడు కాదు.

ఇందులో తప్పేముంది, బంగారంలాంటి మనిషే కదా అంటారు మీరు. అంటారని నాకు తెలుసు. మనం మెచ్చుకునే గుణాల్లో కొన్ని పైకి నిగనిగలాడే వంకాయల్లాంటివి. కోస్తేగాని పుచ్చు బయటపడదు. కాస్త ఓపిక పట్టి వినండి.

ఆల్బన్ పుట్టింది ఫ్రాన్సులో కాదు, కొరియాలో. కన్నవాళ్లెవరో అతనికి తెలియదు. ఏడేళ్లొచ్చేదాకా అక్కడి అనాథాశ్రమంలో పెరిగాడు. తర్వాత లూర్వాల్‌లో రైల్వే ఉద్యోగం చేసే ఫెర్నాన్, అతని భార్య ఒడెట్ ఆ పిల్లవాణ్ణి దత్తత తీసుకున్నారు. విమానం దిగేసరికి వాడికి ఫ్రెంచి ముక్క ఒక్కటి రాదు. ఆల్బన్ అన్న పేరు కూడా అక్కడ పెట్టిందే.

కొరియాలో ఒక పద్ధతి ఉంది. పెద్దవాళ్లు ఏదైనా ఇస్తే పిల్లలు రెండు చేతులూ చాచి, తల కొంచెం వంచి పుచ్చుకోవాలి. అది మర్యాద. మనం తీర్థం పుచ్చుకునేటప్పుడు కుడిచేతి కింద ఎడమచెయ్యి పట్టమూ, అలాంటిదే అనుకోండి. ఇంటికి వచ్చిన మొదటి సాయంత్రమే, కొత్త పిల్లవాణ్ణి చూడ్డానికి చుట్టాలంతా దిగారు. ఒడెట్ తాను చేసిన యాపిల్ కేకు ముక్క కోసి వాడికిచ్చింది. వాడు రెండు చేతులతో అందుకుని తల వంచాడు. చుట్టాలు గొల్లున నవ్వారు. ఒడెట్ అక్కగారు బుగ్గలు నొక్కుకుని, "పాపం, ఎంత కృతజ్ఞతో చూడండి" అంది.

వాళ్లేమీ చెడ్డవాళ్లు కారు. ముద్దొచ్చి నవ్వారు. కానీ ఆ కృతజ్ఞత అన్న మాట వాణ్ణి వదల్లేదు. బళ్లో పంతులమ్మ అదే మాట, మాంసం కొట్టువాడు అదే మాట. నీ అదృష్టం బాగుంది నాయనా, ఈ తల్లి నిన్ను తెచ్చుకుంది, జన్మంతా గుర్తుంచుకో అని ఊరు ఊరంతా చెప్పేది. ఎవరైనా సొంత కొడుక్కి అన్నం పెట్టి గుర్తుంచుకోమంటారా? ఆ బుద్ధి ఒక్కరికీ లేకపోయింది. పిల్లవాడికి మాత్రం ఒకటి అర్థమైంది. పుచ్చుకున్నామంటే తల వంచినట్టే. అది మర్యాద నాన్నా, అడుక్కోవడం కాదు అని చెప్పడానికి ఆ ఊళ్లో కొరియావాళ్లెవరూ లేరు. అప్పటినుంచి వాడి చేతులు జేబుల్లోకి పోయాయి.

పుట్టినరోజుకి ఒడెట్ చొక్కా కొంటే, ముందు గిన్నెలన్నీ తోమి ఆ తర్వాత వేసుకునేవాడు. జ్వరమొస్తే చెప్పేవాడు కాదు. ఒడెట్ కడుపు తరుక్కుపోయేది. "నా చేత్తో ఇచ్చింది ఒక్కటైనా ఊరికే తీసుకో నాన్నా" అని ఒకసారి ఏడ్చింది కూడా. వాడు ఆమె కళ్లు తుడిచి, వెళ్లి తోటకి నీళ్లు పెట్టొచ్చాడు. ఏం చేస్తాం చెప్పండి, అలాంటి పిల్లవాణ్ణి కొట్టలేం, ఒళ్లో కూర్చోబెట్టుకోనూ లేం.

పెద్దవాడయ్యాక ఆల్బన్ గ్రీన్ పార్టీలో చేరాడు. చెట్టూ చేమా, గాలీ నీరూ కాపాడదామనే పార్టీ అది. అప్పట్లో లూర్వాల్‌లో ఆ పార్టీ అంటే ఒక కాఫీ హోటలు వెనకగదిలో చేరే గుప్పెడు మంది. ఆల్బన్ రెక్కలు ముక్కలు చేసుకున్నాడు. ఆదివారం సంతలో చలికి ముక్కు ఎర్రబడేలా నిలబడి కరపత్రాలు పంచేవాడు. గోడలకి పోస్టర్లు తనే అంటించేవాడు. ఊరి బయట కొంగలు వాలే చిత్తడినేలని పూడ్చి పెద్ద షాపింగు సెంటరు కడతామని ఒక కంపెనీ వస్తే, ఇంటింటికీ తిరిగి జనాన్ని కూడగట్టి ఆపించాడు. ఆ దెబ్బతో పట్నం కౌన్సిలుకి ఎన్నికయ్యాడు. తర్వాత మేయరు దగ్గర ఉప మేయరయ్యాడు. ఆ తర్వాత ప్రాంతీయ మండలికి వెళ్లి, మూసెయ్యబోతున్న రైలు మార్గాన్ని నిలబెట్టాడు. పత్రికలవాళ్లు ఫొటోలు వేశారు. కింద మాత్రం కొరియాలో పుట్టిన, దత్తత వచ్చిన అని తప్పకుండా రాసేవారు. అది చదివినప్పుడల్లా అతనికి ఆ కేకు ముక్క గుర్తొచ్చేది.

ఆ పార్టీలో ఒక అలవాటుంది. మీటింగు అయ్యాక ఎవరింట్లో వండింది వాళ్లు తెచ్చి ఒకే బల్ల మీద పెడతారు. అందరిదీ అందరూ తింటారు. అందరికంటే పెద్ద గిన్నె ఆల్బన్‌దే. బంగాళదుంపలు, చీజు వేసి తనే వండి తెచ్చేవాడు. తెచ్చి, బల్ల మీద పెట్టి, తలుపు దగ్గరికి వెళ్లి నిలబడేవాడు. రండి, కూర్చోండి, ఇది రుచి చూడండి అని ఎవరు పిలిచినా ఒకటే జవాబు. "తినే వచ్చాను." వాళ్లు తింటుంటే తాను కుర్చీలు మడిచి గోడకి పేర్చేవాడు. వానలో కారు ఆపి ఎక్కమంటే, నడవడం ఒంటికి మంచిదనేవాడు. ఇంటికెళ్లి చల్లారిన సూపు నిలబడే తాగి పడుకునేవాడు. అతని ఇంట్లో ఎన్ని గదులున్నాయో పార్టీలో ఒక్కరికీ తెలియదు. ఒడెట్, ఫెర్నాన్ పోయాక అతన్ని నువ్వు అని చనువుగా పిలిచేవాళ్లు కూడా దాదాపు లేకుండా పోయారు. ఒంటికాయ శొంఠికొమ్ములా మిగిలిపోయాడు.

అదే పార్టీలో క్లోతిల్డ్ అని ఒకావిడ ఉండేది. పూల కొట్టు నడిపేది. ఆవిడ తీరు దీనికి పూర్తిగా తలకిందులు. గొడుగు ఒకరిది, కారు ఒకరిది, ఆఖరికి సూపులోకి ఉప్పు కూడా పక్కింటిది. ఇచ్చినవి తిరిగి ఇచ్చేటప్పుడు నాలుగు పూలు పెట్టి ఇచ్చేది, మళ్లీ పట్టుకెళ్లేది. జనం విసుక్కునేవారు, నవ్వుకునేవారు, ఆవిడ రెండు రోజులు కనపడకపోతే ఏమైందని ఆరా తీసేవారు.

ఇలా ఉండగా పార్లమెంటు ఎన్నికలొచ్చాయి. ఆల్బన్ మనసులో ఆ కోరిక ఎప్పటినుంచో ఉంది. పదవి పిచ్చి అనుకోకండి. ఆ సభలో కుర్చీ దొరికితే అది ఎవరో జాలిపడి పెట్టింది కాదు, తన కష్టానికి దక్కిన హక్కు అనుకున్నాడు. అక్కడ కూర్చున్నాక నిన్ను తెచ్చుకున్నారు అని ఇంకెవరూ అనరనుకున్నాడు. ప్రపంచంలో తనదంటూ ఒక చోటు. అంతే అతనికి కావలసింది.

అయితే లూర్వాల్ గ్రీన్ పార్టీలో మొదటినుంచీ ఒక కట్టుబాటుంది. అభ్యర్థిగా ఎవరూ తమ పేరు తాము చెప్పుకోకూడదు. ఇంకొకరు లేచి ఆ పేరు చెప్పి, ఈ మనిషి ఎందుకు కావాలో నాలుగు మాటలు చెప్పాలి. ఆ తర్వాతే ఓటు. పదవి కోసం ఎగబడేవాళ్లని ఆపడానికి పెట్టుకున్న నియమం అది. వాళ్లకి దాని గురించి మహా గర్వం.

మీటింగుకి ముందు పోలెట్ అనే పెద్దావిడ ఆల్బన్ ఆఫీసుకి వచ్చింది. ఆవిడ ఒకప్పుడు ఊళ్లో ఉత్తరాలు పంచేది. పార్టీ పెట్టినవాళ్లలో ఒకతె. ఇంట్లో కాచిన జామ్ సీసా ఒకటి తెచ్చి బల్ల మీద పెట్టింది. అదీ ఇదీ మాట్లాడి మెల్లగా విషయానికొచ్చింది.

"నీ పేరు చెప్పమని ఎవరినైనా అడిగావా ఆల్బన్?"

"అడగడమెందుకండీ? ఇన్నేళ్లు చేసిన పని అందరూ చూశారు కదా" అన్నాడు అతను.

"అడగనిదే అమ్మయినా పెట్టదంటారు" అంది పోలెట్.

నిజానికి ఆవిడ వచ్చిందే అందుకు. నా పేరు మీరు చెప్పండి అని ఒక్క మాట అంటే చాలు, ఆవిడ లేచి నిలబడేది. ఆల్బన్‌కీ ఆ మాట గొంతు దాకా వచ్చింది. వచ్చి అక్కడే ఆగిపోయింది. అతను జామ్ సీసా మెల్లగా ఆవిడ వైపు జరిపాడు. "నాకెందుకండీ, మీరే ఉంచుకోండి" అన్నాడు.

పోలెట్ సీసా సంచిలో వేసుకుని వెళ్లిపోయింది. ఈయనకి నాలాంటివాళ్ల అవసరం లేదు, పెద్దవాళ్లెవరో ఉండే ఉంటారు అనుకుంది. మనసు చిన్నబుచ్చుకుంది కూడా. ఎందుకు చిన్నబుచ్చుకోదు? మనం ప్రేమగా ఇచ్చింది వెనక్కి తోస్తే మనకి మాత్రం ఎలా ఉంటుంది?

మీటింగు రోజు హాలు నిండిపోయింది. ఆల్బన్ ఎప్పటిలాగే తలుపు దగ్గర నిలబడ్డాడు. అధ్యక్షుడు పేర్లు చెప్పమన్నాడు. క్లోతిల్డ్‌కి గొడుగిచ్చే ముసలాయన లేచి ఆవిడ పేరు చెప్పాడు. కారిచ్చే ఆవిడ కూడా లేచింది. ఆవిడ పక్కనున్న ఇంకో ఇద్దరూ లేచారు. క్లోతిల్డ్ బిత్తరపోయి, నేనేమిటి, అంత పెద్ద పదవేమిటి అంది. అందరూ నవ్వారు.

అధ్యక్షుడు ఇంకెవరైనా ఉన్నారా అని అడిగాడు.

నిజం చెప్పాలంటే, అక్కడ సగం మందికి ఆల్బనే రావాలని ఉంది. క్లోతిల్డ్ కూడా అతనివైపే చూస్తోంది. కానీ ప్రతివాళ్లూ పక్కవాళ్ల మొహం చూశారు. అంతటి మనిషి కదా, దగ్గరివాళ్లెవరో లేస్తారులే, మధ్యలో మనమెవరం అనుకున్నారు. ఆ దగ్గరివాళ్లెవరో ఎవరికీ తెలియదు. ఆల్బన్ ఒక్కసారి తలెత్తి ఒక్కరి కళ్లలోకి చూసి ఉంటే సరిపోయేది. అతను నేల చూస్తూ, చేతులు జేబుల్లో పెట్టుకుని నిలబడ్డాడు. అధ్యక్షుడు మళ్లీ అడిగాడు. ఎక్కడో ఒక కుర్చీ కిర్రుమంది. ఎవరో లేస్తున్నారేమోనని ఆల్బన్ చెవులు రిక్కించాడు. ఎవరో కాలు సర్దుకున్నారు, అంతే.

అలా క్లోతిల్డ్ అభ్యర్థి అయింది.

తర్వాత మామూలుగానే బల్ల మీద గిన్నెలొచ్చాయి. ఆల్బన్ మామూలుగానే కుర్చీలు మడవడం మొదలుపెట్టాడు. పోలెట్ పళ్లెంలో యాపిల్ కేకు ముక్క పెట్టుకుని అతని దగ్గరికొచ్చింది. ఆవిడ కళ్లు ఎర్రగా ఉన్నాయి.

"నీకు ఎవరో ఉన్నారనుకున్నాను" అంది.

"ఎవరు?" అని అడిగాడు ఆల్బన్.

ఆవిడ పళ్లెం ముందుకు చాచింది. అతను అలవాటుగా, "తినే..." అన్నాడు. మిగతా మాట పైకి రాలేదు. ఇంత వయసొచ్చాక, అందరి ముందూ, జేబుల్లోంచి రెండు చేతులూ బయటికి తీశాడు. రెండు చేతులతో పళ్లెం అందుకున్నాడు. తల కొంచెం వంచాడు. ఈసారి ఎవరూ నవ్వలేదు. పోలెట్ కూడా, ఎందుకో తెలియకుండానే, తల వంచింది.

కేకు నోట్లో పెట్టుకోగానే అతనికి ఒడెట్ గుర్తొచ్చింది. ఒక్కటైనా ఊరికే తీసుకో అని బతిమాలి, తీసుకున్నది చూడకుండానే ఆ తల్లి పోయింది. ఆమెని అన్నేళ్లు ఒంటరిదాన్ని చేసింది తానేనని అప్పుడు తెలిసింది. తినడం ఆపి, మొహం గోడవైపు తిప్పుకుని ఏడ్చాడు. పోలెట్ ఒక కుర్చీ విప్పి వేసింది. అతను కూర్చున్నాడు. ఆ హాల్లో అతను కూర్చోవడం అందరూ అదే మొదటిసారి చూడటం.

బయట వాన పడుతోంది. ఆల్బన్ క్లోతిల్డ్ దగ్గరికి వెళ్లి శుభాకాంక్షలు చెప్పాడు. కాసేపు తటపటాయించి, తనని ఇంటి దగ్గర దింపగలవా అని అడిగాడు. తాను ఆ రోజు వచ్చింది పోలెట్ కారులోనని, పోలెట్‌నే అడగాలని ఆవిడ అంది. ముగ్గురూ ఒకే గొడుగు కింద కారు దాకా నడిచారు. ఆ గొడుగూ ముసలాయనదే.

ఎన్నికల్లో క్లోతిల్డ్ గెలిచింది. ఆల్బన్‌కి ఆ కుర్చీ ఎప్పటికీ రాలేదు. వచ్చిందని మీకు చెప్పి సంతోషపెట్టవచ్చు గాని, అబద్ధమవుతుంది. పోయిన తల్లీ తిరిగి రాలేదు. అతని వంటింటి అలమారులో మాత్రం ఇప్పుడు పోలెట్ ఇచ్చిన జామ్ సీసా ఒకటి ఉంటుంది. అది అయిపోతే, సీసా కడిగి పట్టుకెళ్లి, ఇంకాస్త ఉందా అని తనే అడుగుతాడు.

అందుకే పిల్లలూ, ఇవ్వడం ఎంత గొప్పో ప్రేమతో ఇచ్చింది పుచ్చుకోవడమూ అంతే గొప్ప. ఎవరి చేతిదీ పుచ్చుకోనివాడి పేరు, అవసరం వచ్చిన రోజున ఎవరి నోటా రాదు.