కంపయ్య తవ్వని గుంత

అనగనగా ఒక అడవిలో గుంతలు తవ్వే కంపయ్య అనే ముళ్ళపంది ఉండేవాడు. ఒంటినిండా ముళ్ళు, మనసునిండా ఓర్పు. ఆ ఓర్పు ఎంతటిదంటే, గుంత తవ్వాక ఎవరైనా వచ్చి దాన్ని మెచ్చుకునేదాకా మండుటెండలో కూడా అక్కడే నిలబడేవాడు. విసుక్కునేవాడు కాదు. దారినపోయే ఉడుతైనా ఆగి, "అబ్బ, ఎంత గుండ్రంగా ఉందో!" అంటేనే ఇంటికి కదిలేవాడు. ఇంత ఓర్పు ఈ రోజుల్లో ఎవరికుంది చెప్పండి? కథలు చెప్పేవాళ్ళలో ఒకరిద్దరికి ఉంటుంది. అలాంటివాడు ఒకడు మీ ఎదురుగానే కూర్చున్నాడు. సరే, వాడి సంగతి వదిలేద్దాం.

ఆ అడవికి దొర నల్లన్న అనే ఎలుగుబంటి. నల్లన్నకు శుభ్రత అంటే ప్రాణం. చెత్త తన కంటికి కనబడకపోతే చాలు, ఆయన దృష్టిలో అదే శుభ్రత. అందుకని ఒకరోజు అందరినీ పిలిచి ఆజ్ఞ వేశాడు.

"పొద్దు పొడిచేసరికి ఎవరి గుమ్మం ముందూ చెత్త ఉండకూడదు. అంతా తెచ్చి కంపయ్య తవ్వే గుంతలో పడెయ్యండి. గుంత నిండితే మట్టి కప్పి ఇంకో గుంత తవ్వుదాం."

"అదీ నిండితే, దొరా?" అని వెనకనుంచి ఎవరో అడిగారు.

"ఇంకోటి తవ్వుదాం. అడవి ఏమన్నా చిన్నదా?"

అందరూ చప్పట్లు కొట్టారు. కంపయ్య అందరికంటే గట్టిగా కొట్టాడు.

కొత్త గుంత తవ్వారంటే అడవిలో పండగే. వడ్రంగిపిట్ట డోలు వాయించేది. నల్లన్న గుంతకు పూలదండ వేసి ఉపన్యాసం ఇచ్చేవాడు. ఆ తర్వాత మోదుగాకుల్లో తేనె, పనసతొనలు పంచేవారు. తిన్నాక ఆ ఆకులూ, తొక్కలూ కొత్త గుంతలోనే పడేసేవారు. అలా ప్రతి గుంతా ప్రారంభోత్సవం నాడే సగం నిండేది.

మొదటి గుంత కుందేళ్ళ పచ్చిక పక్కన తవ్వారు. కొన్నాళ్ళకి చెవులమ్మ అనే కుందేలు ముక్కు మూసుకుని కంపయ్య దగ్గరికి వచ్చింది.

"కంపయ్య మామా, ఆ కంపుకి మా పిల్లలు గడ్డి ముట్టడం లేదు. ఈ గుంత ఇంకెక్కడైనా పెట్టుకోకూడదా?"

కంపయ్య నవ్వాడు. "ఆ మాత్రానికేనా అమ్మా? నా గుమ్మం పక్కన ఇలాంటి గుంత ఉంటే నేనైతే రోజూ దాని ఒడ్డునే పడుకునేవాడిని."

చెవులమ్మ ముక్కు మూసుకునే వెనక్కి వెళ్ళిపోయింది.

రెండో గుంత వాగు ఒడ్డున తవ్వారు. వానలు పడ్డాయి. గుంతలో చెత్త నానిన నీళ్ళు నల్లగా ఊరి వాగులోకి జారాయి. డిప్పయ్య అనే ముసలి తాబేలు మెల్లగా నడుచుకుంటూ వచ్చాడు. ఆయన బయలుదేరిన రోజుకీ చేరిన రోజుకీ మధ్య నీళ్ళు ఇంకాస్త నల్లబడ్డాయి.

"ఒరే కంపయ్యా, వాగు నీళ్ళు చేదెక్కాయిరా. గొంతు మండుతోంది."

"నీది మరీ సుకుమారం గొంతు తాతా! నా గుమ్మం పక్కన ఉంటేనా, ఆ నీళ్ళే తాగి హాయిగా బతికేవాడిని."

ఈ మాట నల్లన్న చెవిన పడింది. ఆయనకి ఎంతో నచ్చింది. అప్పటినుంచి ఎక్కడ సభ జరిగినా కంపయ్యని నిలబెట్టి ఆ మాట చెప్పించేవాడు. కంపయ్య కూడా చెప్పగా చెప్పగా దాన్ని చక్కగా, చేతులు ఊపుతూ చెప్పడం నేర్చుకున్నాడు.

ఇంట్లో మాత్రం ఒక చిక్కు వచ్చిపడింది. కంపయ్య భార్య రేగమ్మ ఇద్దరు పిల్లల్ని కన్నది. ముళ్ళపందుల పళ్ళు ఆగకుండా పెరుగుతూనే ఉంటాయి. ఎముకో, దుప్పి రాల్చిన కొమ్ము ముక్కో కొరికి వాటిని అరగదీసుకోవాలి. లేకపోతే తిండి నమలడమే కష్టం.

"ఏమయ్యా, ఇవాళైనా ఒక్క కొమ్ము ముక్క దొరికిందా?" అని రేగమ్మ అడిగింది.

"ఎక్కడే! కొండ అవతలిదాకా వెళ్ళొచ్చాను. కాళ్ళు పడిపోయాయి. ఈ అడవిలో కొమ్ములకి కరువొచ్చింది."

"అడవినిండా దుప్పులే కదయ్యా. ఏటా కొమ్ములు రాలుస్తాయి కదా. అవన్నీ ఏమైపోతున్నట్టు?"

"నాకేం తెలుసు? నాకు గుంతల పనితోనే సరిపోతోంది," అన్నాడు కంపయ్య.

ఇంతలో రెండో గుంత కూడా నిండింది. నల్లన్న మళ్ళీ అందరినీ పిలిచాడు.

"మా దారిలో మాత్రం వద్దు," అన్నాయి ఏనుగులు.

"మా చెట్ల కింద వద్దు," అన్నాయి కోతులు.

"మేం దొర్లే బురద దగ్గర వద్దు," అన్నాయి అడవిపందులు.

గుంత ఉండాలని అందరూ ఒప్పుకున్నారు. ఎవరి దగ్గర అన్నదే తేలలేదు. నల్లన్న చాలాసేపు తల గోక్కున్నాడు. ఉన్నట్టుండి ఆయన ముఖం వెలిగింది.

"అయ్యో, మనమెంత రాతిగుండె వాళ్ళం! తన గుమ్మం పక్కన గుంత ఉంటే బాగుండునని మన కంపయ్య ఎన్నాళ్ళుగానో అంటున్నాడు కదా! పాపం, ఇన్నాళ్ళూ పట్టించుకోలేదు. కంపయ్యా, ఈసారి గుంత నీదే!"

చప్పట్లు మోగాయి. చెవులమ్మ అందరికంటే గట్టిగా కొట్టింది.

"పడుకోవడానికి గడ్డి పరుపు నేను తెస్తాను మామా," అంది.

కంపయ్య నోరు తెరిచాడు. 'వద్దు' అనే మాట గొంతుదాకా వచ్చింది. కానీ చప్పట్లు ఇంకా మోగుతూనే ఉన్నాయి. చప్పట్ల మధ్య వద్దు అనడం అతనికి అలవాటు లేదు. వంగి అందరికీ దండం పెట్టాడు.

ఇంటికి వచ్చి సంగతి చెప్పాడు. రేగమ్మ పిల్లల్ని దగ్గరికి లాక్కుంది.

"గుంత ఎక్కడ తవ్వుతావు?"

"పైన, ఆ మిట్ట మీద."

"మిట్ట మీద గుంత. మిట్ట కింద మన బొరియ. వాన పడితే గుంతలో నీళ్ళు ఎటు వస్తాయి? ఇన్ని గుంతలు తవ్వినవాడివి, నువ్వే చెప్పు."

కంపయ్య మిట్ట వైపు చూశాడు. వాగు దగ్గర ఏం జరిగిందో అతనికి తెలుసు.

"వెళ్ళి దొరకి వద్దని చెప్పు," అంది రేగమ్మ.

"అందరి ముందూ ఒప్పుకున్నానే. ఇప్పుడు కాదంటే నా పరువేం కావాలి?"

"అయితే నీ పరువుని బొరియలో పడుకోబెట్టుకో. పిల్లల్ని తీసుకుని నేను బయట వానలో కూర్చుంటాను."

పొద్దున్నే కంపయ్య మిట్ట ఎక్కాడు. ఆకాశంలో మబ్బులు కమ్ముతున్నాయి. తవ్వడానికి చేతులు రావడం లేదు, మానడానికి ధైర్యం రావడం లేదు. చివరికి గుమ్మడికాయ పట్టేంత గుంత తవ్వి ఆపేశాడు.

అంతలోనే చెత్త రావడం మొదలైంది. ముందుగా మచ్చన్న అనే దుప్పి తట్ట మోసుకొచ్చాడు.

"ఆగు మచ్చన్నా! ఆ తొక్కల కింద తెల్లగా కనబడుతున్నదేంటి?"

"కొమ్ములు మామా. మా వాళ్ళందరివీ మొన్న రాలాయి."

"కొమ్ములు చెత్తలో వేస్తారా?"

"మరి దొర ఆజ్ఞ అదే కదా! ఆ రెండు గుంతల అడుగునా మా కొమ్ములే. నువ్వేగా దగ్గరుండి మట్టి కప్పింది? పైకెక్కి గట్టిగా తొక్కావు కూడా."

కంపయ్య ముళ్ళన్నీ ఒక్కసారి వాలిపోయాయి.

కొమ్ములు తీసుకెళ్ళి పిల్లల ముందు పెట్టాడు. పిల్లలు కరకరమని కొరకసాగారు.

"ఎక్కడ దొరికాయయ్యా?" అని రేగమ్మ సంబరంగా అడిగింది.

"చాలా దూరం వెళ్ళాను," అన్నాడు కంపయ్య. అదీ అబద్ధమే.

మళ్ళీ గుంత దగ్గరికి వచ్చి కూర్చున్నాడు. 'నాకు కావలసింది ఇందులో ఉంటే, మిగతావాళ్ళకి కావలసింది ఇంకేముందో?' అనుకున్నాడు. అప్పటినుంచి వచ్చిన తట్టనల్లా గుంతలోకి కాక చదును నేల మీద గుమ్మరించమన్నాడు.

వాసన పట్టి ఒక అడవిపంది వచ్చాడు. పనస తొక్కలు చూసి కళ్ళు పెద్దవి చేశాడు.

"ఇవి పారేస్తున్నారా బావా? తిండి కోసం మేం రైతుల చేలల్లో పడి దెబ్బలు తింటున్నామే!"

ఉడుత వచ్చి పీచూ, రాలిన ఈకలూ ఏరుకుంది. "గూటికి ఇంత మెత్తటి సరుకు ఎక్కడా దొరకదు," అంటూ నోటినిండా కరుచుకుని పరిగెత్తింది.

మిగిలిన ఆకుల చుట్టూ చెవులమ్మ అటూ ఇటూ తిరిగింది. "మా పచ్చిక చచ్చిన చోట ఇవి పలచగా పరిస్తే మట్టిలో కలిసిపోతాయి. మళ్ళీ గడ్డి మొలవచ్చు," అంది. అంది కానీ, కంపయ్య వైపు చూడలేదు.

గుమ్మడికాయంత గుంత అలాగే ఖాళీగా ఉండిపోయింది.

మర్నాడు నల్లన్న పూలదండతో వచ్చాడు. అడవి అంతా వెనకే వచ్చింది.

"గుంత ఏదయ్యా?"

"ఇదే దొరా."

"ఇదా? దీంట్లో నా దండ కూడా పట్టదు! వాన వచ్చేలోపు పెద్దది తవ్వు." నల్లన్న తన తట్ట కింద పెట్టాడు. అందులో ఎండిపోయిన తేనెపట్లు, పనస తొక్కలు, కొండ చూడ్డానికి వచ్చిన మనుషులు దారిలో వదిలిన ప్లాస్టిక్ కవర్లు ఉన్నాయి.

"ముందు వీటిని దేనికది విడదీయాలి దొరా," అని కంపయ్య మెల్లగా అన్నాడు.

"దొర చెత్త ఏరుతాడా? తవ్వమంటే తవ్వు!"

ఎక్కడో ఉరిమింది. కింద బొరియలోంచి పిల్లల చప్పుడు వినిపించింది.

కంపయ్య గిరుక్కున తిరిగి నల్లన్నకు వీపు పెట్టాడు. ముళ్ళన్నీ నిక్కబొడుచుకుని గలగలమన్నాయి. ముళ్ళపంది వీపు తిప్పితే ఎలుగుబంటి కూడా ముందుకు రాదు. కానీ దొరకు వీపు పెట్టేసరికి అతని ముఖం చెవులమ్మ వైపు, డిప్పయ్య వైపు తిరిగింది. ఇక చెప్పక తప్పలేదు.

"నేను ఇన్నాళ్ళూ చెప్పింది అబద్ధం. గుంత పక్కన ఎవరూ పడుకోలేరు. ఆ నీళ్ళు ఎవరూ తాగలేరు. అది నాకు అప్పుడే తెలుసు. నా గుమ్మం కాదు కదా అని అలా అన్నాను. ఈ గుంత నేను తవ్వను."

ఎవరూ చప్పట్లు కొట్టలేదు.

"ఈ మాట మా పచ్చిక బతికుండగా చెప్పి ఉంటే బాగుండేది మామా," అంది చెవులమ్మ.

కంపయ్య తల దించుకున్నాడు.

"ఆలస్యంగా వచ్చినవాళ్ళని నేను మాత్రం ఏమీ అనలేను," అన్నాడు డిప్పయ్య. "ముందు ఆ తట్ట ఇలా గుమ్మరించండర్రా."

దొర తట్ట నేల మీద గుమ్మరించారు. తొక్కలు ఒకరు, తేనెపట్లు ఒకరు, ఎవరికి పనికొచ్చేవి వాళ్ళు తీసుకోసాగారు. నల్లన్న కంపయ్య ముళ్ళ వైపు చూశాడు. జనం వైపు చూశాడు. ఆ తర్వాత గొంతు సవరించుకున్నాడు.

"గుంత వద్దని నేను మొదటినుంచీ అనుకుంటూనే ఉన్నాను," అన్నాడు.

వడ్రంగిపిట్ట వెంటనే డోలు అందుకుంది. నల్లన్న గుంత లేని చదును నేలకి పూలదండ వేసి, గుంత లేకపోవడం వల్ల కలిగే లాభాల మీద చాలాసేపు మాట్లాడాడు. ఆ తర్వాత ఆకుల్లో తేనె పంచారు. తిన్నాక అందరూ ఆకులు చేతుల్లో పట్టుకుని దిక్కులు చూశారు. చెవులమ్మ అడిగి మరీ తీసుకుంది.

ఆ సాయంత్రం పెద్ద వాన కురిసింది. కంపయ్య బొరియలోకి మట్టివాసన తప్ప ఇంకేమీ రాలేదు. పిల్లలు తల్లి పొట్టకి ఆనుకుని నిద్రపోయారు.

వాగు దగ్గరి పాత గుంత మాత్రం తన పని మానలేదు. వాన పడ్డప్పుడల్లా అది ఇంకా ఊరుతూనే ఉంది. డిప్పయ్య నీళ్ళ కోసం ఇప్పటికీ ఎగువదాకా నడిచి వెళ్తాడు. అది ఆయనకి పెద్ద ప్రయాణం.

ప్లాస్టిక్ కవర్లు ఎవరికీ అక్కరకు రాలేదు. అడవిపంది ఒకటి నమిలి చూసి ఉమ్మేశాడు. ఉడుత ఒకటి గూట్లో పరిస్తే నీళ్ళు నిలిచాయి. వాటిని కంపయ్య పూడ్చలేదు. తన గుమ్మం పక్కనే కుప్పపెట్టి, ఎగిరిపోకుండా రాయి పెట్టాడు. వచ్చేపోయే వాళ్ళందరికీ అది కనబడుతుంది. నల్లన్న అటు వచ్చినప్పుడల్లా, "ఒక్క చిన్న గుంత తవ్వి..." అని మొదలుపెడతాడు. కంపయ్య వీపు తిప్పుతాడు.

ఆ కుప్పని ఏం చెయ్యాలో కంపయ్య ఇంకా నేర్చుకోలేదు. ఈ కథ చెప్పేవాడూ నేర్చుకోలేదు.

నీతి: కంటికి కనబడకుండా పూడ్చిన చెత్త పోయినట్టు కాదు, మనది కాని గుమ్మం దగ్గర దాచినట్టు.