పెడమొగం తల్లి బంతితోట

చలిగెడ్డ కొండమీద వెలసిన శ్రీ పెడమొగం తల్లి గుడికి వచ్చే భక్తులకు ముందుగా ఒక మనవి. గుమ్మంలో నిలబడితే మీకు కనిపించేది అమ్మవారి వీపు. గుడి కట్టినవాళ్లు దిక్కు తప్పలేదు. అమ్మవారే అటు తిరిగి కూర్చుంది. ముఖం చూడాలంటే గుడి చుట్టూ తిరిగి, వెనక వాలులోని బంతితోట గట్టుమీదకు వెళ్లాలి. అటువైపు గోడ లేదు. చేతిలో నీళ్ల బాటిల్ ఉంది కదా అని దారిలో కనబడిన మొక్కమీదల్లా కుమ్మరించకండి. బోర్డు రాసిపెట్టాం. ఆ బోర్డు కిందే నిలబడి పోస్తున్నారు! కళ్లు నెత్తికెక్కాయా అని అడగాలనిపిస్తుంది, యాత్రికులని ఊరుకుంటున్నాం.

పూర్వం ఇక్కడ గుడి లేదు. అమ్మవారు నిలువెత్తు రాయిగా, ఊరివైపు చూస్తూ ఉండేది. మార్గశిర మాసంలో ఆమెకు పండగ. ఆ పండగకు బంతిపూల దండ వేసినవారికే వెనక వాలు సాగు చేసుకొనే హక్కు. దండ వేయలేని ఏడు ఆ భూమి ముఠాదారుకు పోతుంది. ముఠాదారు అంటే ఆ రోజుల్లో కొండమీది పది ఊళ్లకూ పెద్ద. బుద్రి అనే ఆమె, మొగుడు పోయాక తొమ్మిదేళ్లు వరుసగా దండ వేసి, ఆ వాలులో చోళ్లు, అంటే రాగులు, పండించుకొని ఇద్దరు ఆడపిల్లలను సాకింది.

చలి నేలలో బంతి పెంచడం ఆషామాషీ కాదు. బుద్రి పొయ్యి వెచ్చదనం తగిలేచోట ఆకుదొన్నెల్లో విత్తనాలు మొలకెత్తించి, ఎండ ముందుగా తగిలే చోట నారు నాటేది. పొద్దెక్కి మంచు ఆరాక, మట్టిలో రెండు కణుపులదాకా వేలు గుచ్చి చూసేది. తడి తగిలితే ఒక్క చుక్క పోసేది కాదు. పొడిగా ఉంటే, ఆకు తడవకుండా మొక్క మొదట్లో ఒక దొప్పెడు పోసేది. సాయంత్రం పోస్తే ఆ నీళ్లు చలికి ఆరవు. వేరు కుళ్లుతుంది, మొగ్గ నల్లబడుతుంది.

పదో ఏడు ముఠాదారు బొంజుదొర మైదానంలో రాజుగారి కోటలో నాలుగు నెలలు ఉండి వచ్చాడు. అక్కడి తోటమాలులు సాయంత్రంపూట మొక్కల తలలమీంచి బిందెలకొద్దీ పోయడం చూశాడు. అంతే, తోటపని అంతా తనకే తెలిసిపోయింది! వాలుకు వచ్చేసరికి బుద్రి బిందె బోర్లించి కూర్చుని ఉంది.

"అమ్మోరి మొక్కల్ని ఎండగడతన్నావేటే? ఒళ్లొంగట్లేదా?" అన్నాడు.

"ఇది సలి నేల దొరా. లోపల తడుంది, ఏలెట్టి సూడండి."

దొర మట్టిలో వేలు పెడతాడా! ఇరవైమందిని పిలిపించి, గెడ్డ అనే కొండవాగులోని చన్నీళ్లు మోయించి, మూడు సాయంత్రాలు తోటంతా తలమీంచి పోయించాడు. అడ్డం పడిన బుద్రిని ఈడ్చి అవతల పారేశారు. నాలుగోనాటికి మొక్కలన్నీ వాలిపోయాయి. మొగ్గ నొక్కితే కుళ్లు నీరు కారింది. పండగకు ఇంకా ఆరు రోజులే ఉన్నాయి.

పండగనాడు దొర డప్పులతో వచ్చి, "దండ ఏదే?" అన్నాడు. లేదంది. "అయితే వాలు ఖాళీ సెయ్యి" అన్నాడు. చంపినవాడే వచ్చి శవమెందుకయిందని అడిగాడు! ఇది రాస్తుంటే ఇప్పటికీ మా ఒళ్లు మండిపోతుంది.

బుద్రి ఏడవలేదు, దొర కాళ్లమీద పడలేదు. నల్లబడ్డ మొక్కలను చంకనిండా తెచ్చి రాయి ముందు విసిరికొట్టింది.

"మూడు సాయంత్రాలు సూసినావు కదే తల్లీ! నీ పూలనే సంపుతుంటే నోరు మూసుకు కూకున్నావు. ఇప్పుడు నా పిల్లల నోటికాడ కూడు తీసేత్తన్నాడు. అదీ సూడు. నాకెందుకే నీ మొగం!"

అని వెనక్కి తిరిగి వెళ్లిపోయింది. అప్పుడు తిరగలి తిప్పినట్టు చప్పుడయింది. అందరూ చూస్తుండగానే రాయి కదిలి, దొరకూ డప్పులకూ వీపు పెట్టి, చచ్చిన తోటవైపు తిరిగింది.

దొర గునపాలు వేయించి యథాస్థానానికి తిప్పబోయాడు. రాయి ఇసుమంత కూడా కదల్లేదు. మూడోనాడు మధ్యాహ్నం భోంచేసి కునుకు తీస్తుంటే అమ్మవారు కలలో పలికింది. "వాలు బుద్రిది, దాని ఆడపిల్లలది. నీళ్లు మొయ్యడం నీది, నీ వంశానిది. నా మొగం మాత్రం మీరు చూడకూడదు."

దొర బుద్రి గుమ్మానికి వెళ్లి తప్పయిందన్నాడు. ఇలాంటి కథల్లో ఇక్కడ ఆమె క్షమించిందని రాస్తారు. మేము రాయము, ఎందుకంటే క్షమించలేదు. ఖాళీ బిందె అతని చేతికిచ్చి, "ముందు ఏలెట్టు" అంది.

నేటికీ ఆ వాలు బుద్రి ఆడపిల్లల సంతతిదే. పండగ దండ వాళ్లదే. భక్తులు పొద్దెక్కాక తోటకు వెళ్లి, మట్టిలో వేలు గుచ్చి, పొడిగా ఉంటే మొదట్లో దొప్పెడు నీళ్లు పోస్తారు. తడిగా ఉంటే తెచ్చిన నీళ్లు తెచ్చినట్టే వెనక్కి తీసుకుపోతారు. అదీ పూజే. అన్యాయమైపోయినవారు ఇక్కడ గొంతెత్తి తిట్టి తమ గోడు చెప్పుకుంటే, ఏడాది తిరిగేలోగా న్యాయం జరుగుతుందని నమ్మకం.

ఇక నీళ్లు మోసేది మేము. ఈ పుస్తకం రాస్తున్న నేను బొంజుదొర వంశంవాణ్ణి. నలభై ఏళ్లుగా తల వంచుకొని ఈ తోట తడుపుతున్నాను. అమ్మవారి ముఖం ఎరగను. చూసి వచ్చిన ప్రతివారినీ కోపం తగ్గిందా అని అడగడం మా ఇంటి ఆచారం. నన్ను సంతోషపెట్టడానికి చాలామంది "నవ్వుతోందండీ" అంటారు. నేను నమ్మను.

మొన్న మార్గశిరంలో దండ వేయడానికి వచ్చిన బుద్రి వంశపు ముసలమ్మ గుర్బారిని అడిగాను. ఆమె గట్టుమీద నిలబడి చాలాసేపు అమ్మవారి ముఖంలోకి చూసింది.

"తగ్గనేదు బావూ. బిందె ఎత్తు" అంది.

ఎత్తాను.