కుండలో మూడు చుట్లు

రా అమ్మడూ, ఇలా నా పక్కన పడుకో. కాళ్ళు కడుక్కున్నావా? దేవుడికి దణ్ణం పెట్టుకున్నావా? మంచిది. పొద్దున్న కుండలో చెయ్యి పెట్టి ఏం చేస్తున్నావని అడిగావు కదూ. అప్పుడు చెప్పడానికి తీరిక లేకపోయింది. ఇప్పుడు చెబుతాను. ఊఁ కొడుతూ విను.

అనగనగా ఒక ఊళ్ళో, గోదారి ఒడ్డున, గుట్ట కింద ఒక పెంకుటిల్లు ఉండేది. ఆ ఇంటి పెద్దావిడ పేరిందేవమ్మగారు. ఆవిడకి ఒక కూతురు, ఒక కొడుకు. కూతురు నాంచారి అత్తవారింటికి వెళ్ళింది. కొడుక్కి పెళ్ళయి సూరాంబ అనే కోడలు వచ్చింది.

ఆ ఇంట్లో ఒక ఆచారం ఉంది. పొద్దున్నే కుండ కడుగుతారు. అప్పుడు ఆ ఇంటి ఆడది కుండలోకి చెయ్యి పెట్టి, బొటనవేలు లోపలి గోడకి ఆనించి, మూడు చుట్లు తిప్పుతుంది. తిప్పుతూ "ఇండుప, ఇండుప, ఇండుప" అంటుంది. ఆ తర్వాతే నీళ్ళు పోస్తుంది. చేతిలో ఏమీ ఉండదమ్మా. ఉత్త వేలే.

ఊళ్ళో ఇంకెవరింట్లోనూ ఇలా చెయ్యరు. అందుకని రేవులో ఆడవాళ్ళు నవ్వేవారట. కుండకి కితకితలు పెడితేగానీ పేరిందేవమ్మగారింట్లో నీళ్ళు దిగవని ఒకర్నొకరు పొడుచుకునేవారట. ఆవిడ వినీ విననట్టు బిందె ఎత్తుకుని వచ్చేసేది. ఇండుపమ్మ మా ఇంటి నీళ్ళ దేవత అనేది. ప్రతి శుక్రవారం కుండకి పసుపు రాసి బొట్టు పెట్టి, ఇండుపమ్మా చల్లగా చూడు తల్లీ అని మొక్కేది.

సూరాంబది ఊరుకునే నోరు కాదు, అచ్చం నీలాగే. ఇండుప అంటే ఏమిటత్తా అని అడిగింది. మా అత్తగారు అనమన్నారు, అంటున్నాను అంది పేరిందేవమ్మగారు. మరి ఆవిడకెవరు చెప్పారు? వాళ్ళత్తగారు. అక్కడితో తాడు తెగింది.

అప్పుడు సూరాంబ గుళ్ళో పూజ చేసే శేషయ్యగారిని అడిగింది. ఆయన ముక్కు మీద వేలేసుకుని ఆలోచించారు. ఈ పేరుతో ఏ అమ్మవారూ నాకు తగల్లేదమ్మా, అయినా పెద్దవాళ్ళు పెట్టిన మాట, మానకండి అన్నారు.

ఆ తర్వాత కుమ్మరి పోలమ్మని అడిగింది. పోలమ్మకీ ఆ మాట తెలీదు. కానీ ఒక సంగతి చెప్పింది. ఊరందరికీ చేసే కుండల్ని లోపల తడిచేత్తో రాసి నునుపు చేస్తాం, మీ ఇంటి కుండలు మాత్రం గరుగ్గా వదిలేస్తాం అంది. ఎందుకంటే, మా మావ అలా చెయ్యమని చెప్పి పోయాడు, ఎందుకో ఆయనకీ తెలిసినట్టు లేదు అని నవ్వేసింది.

సూరాంబకి ఇదంతా తమాషాగా ఉంది. అత్తగారు చూస్తున్నప్పుడు మూడు చుట్లు తిప్పేది. చూడనప్పుడు బుడుంగున నీళ్ళు పోసేసేది. పడుకున్నావా? లేదా? సరే.

అలా ఉండగా శ్రావణమాసం వచ్చింది. నాంచారి పురిటికి పుట్టింటికి వచ్చింది. నొప్పులు పడి, పడి, చివరికి ఆడపిల్లని కంది. గుప్పెడంత పిల్ల. పదకొండోనాడు పురుడు చేశారు. ఆ మర్నాడు తెల్లారేసరికి గోదారి వీధిలోకి వచ్చేసింది.

మన దగ్గర చుక్క వాన లేదు. ఎక్కడో ఎగువన కురిసిన వానలు. పైన ఎండ కాస్తోంది, కింద వరద పొంగుతోంది. అప్పుడు ఊరు ఊరంతా గుట్టెక్కింది. బాలింతని మంచంతో సహా మోసుకెళ్ళారు. పేరిందేవమ్మగారు దేవుడి పెట్టె ఒక చంకన, కుండ ఒక చంకన పెట్టుకుని ఎక్కింది. ఇత్తడి బిందెలు వదిలేసి మట్టికుండ పట్టుకొచ్చావేమిటే అని మొగుడు కసిరితే, ఇది ఇండుపమ్మ కుండ అంది.

గుట్ట మీద ఒక చిల్లచెట్టు ఉంది. ఊళ్ళోవాళ్ళకి అదొక లెక్కలో చెట్టు కాదు. కొమ్మలు కొట్టి కంచెలకి వాడేవారు, అంతే. ఆ రోజు మాత్రం దాని నీడే దిక్కయింది. నాంచారి మంచం దాని కింద వేశారు. దాని కొమ్మకే చీర ఉయ్యాల కట్టి పసిదాన్ని పడుకోబెట్టారు.

మూడు రోజులైనా వరద తియ్యలేదు. బావులు మునిగిపోయాయి. గుట్ట చుట్టూ నీళ్ళే, తాగడానికి చుక్క లేదు. ఎర్రటి బురద నీళ్ళమ్మా. చెంబుతో ముంచితే సగం చెంబు మన్నే. పెద్దవాళ్ళు కళ్ళు మూసుకుని మింగారు. నాంచారి వల్ల కాలేదు. అసలే ఒళ్ళు కాలిపోతోంది. ఆ నీళ్ళు కాచి ఇస్తే వేడి బురదయింది. గుక్క లోపలికి పోవడం, వాంతి కావడం. అప్పుడు పాలు వెనక్కి పోయాయి. ఉయ్యాల్లో పిల్ల ఏడ్చి ఏడ్చి, గొంతు సన్నగిల్లి, పిల్లికూనలా మూలుగుతోంది.

సూరాంబ ఊరుకోలేదు. ముందు తన పట్టుచీర కొంగు నాలుగు మడతలు వేసి నీళ్ళు వడకట్టింది. చీర ఎర్రనైంది, నీళ్ళు తెల్లనవలేదు. ఆ తర్వాత పక్కవాళ్ళ బిందె అడిగి, అందులో పోసి పూటంతా కదపకుండా ఉంచింది. అడుగున బురద దిగింది, పైన ఎరుపు అలాగే ఉంది. ఆ తర్వాత గుట్ట మీద చెలమ తవ్వబోయింది. గునపానికి రాయి తగిలి నిప్పురవ్వలొచ్చాయి గానీ నీళ్ళు రాలేదు.

నాలుగోనాడు పొద్దున్న పేరిందేవమ్మగారు స్నానం చేసి బొట్టు పెట్టుకుంది. కుండ కడిగింది. లోపల చెయ్యి పెట్టి, ఎప్పటిలాగే, మెల్లగా మొదలుపెట్టింది.

సూరాంబకి ఒళ్ళు మండిపోయింది. ఎన్ని ప్రశ్నలేసినా ఎప్పుడూ ఎదురు చెప్పని పిల్ల, వెళ్ళి అత్తగారి చెయ్యి పట్టుకుంది.

"పిల్ల నాలుక ఎండిపోతోందత్తా. ఇంకా ఆ ఉత్త వేలెందుకు తిప్పుతావు?"

గుట్ట మీద అందరూ తలలు తిప్పి చూశారు. పేరిందేవమ్మగారు కోప్పడలేదు. చెయ్యి విడిపించుకోలేదు కూడా.

"నాకు మాట అందింది, అర్థం అందలేదమ్మాయ్. అందినంత మట్టుకు పట్టుకున్నాను. నాకు మాత్రం ఇంకేం చేతనవును చెప్పు?"

ఆ మాటంటూంటే ఆవిడ కళ్ళలో నీళ్ళు తిరిగాయి. సూరాంబ చెయ్యి వదిలేసింది. అప్పుడు పేరిందేవమ్మగారు మళ్ళీ కుండలో చెయ్యి పెట్టి, ఈసారి కాస్త గట్టిగా, "ఇండుప, ఇండుప, ఇండుప" అంది.

గుట్ట పైవాలున కోసమ్మ అని ఒక కొండరెడ్ల అవ్వ మేకల్ని కాచుకుంటోంది. వరదకి దారి మునిగిపోయి తన గూడేనికి పోలేక అక్కడే ఆగిపోయింది. ఊళ్ళోవాళ్ళు ఆవిణ్ణి పలకరించనూ లేదు, ఆవిడ కల్పించుకోనూ లేదు. ఆ మాట చెవిన పడగానే కర్ర పట్టుకుని దిగి వచ్చింది. వచ్చి కుండలోకి తొంగి చూసింది. పేరిందేవమ్మగారి చెయ్యి తిప్పి చూసింది.

"ఇండుప అంటున్నావు, బాగానే తిప్పుతున్నావు. గింజేదమ్మా?" అంది.

ఏం గింజ అని సూరాంబ అడిగింది. కోసమ్మ కర్ర పైకెత్తి చిల్లచెట్టు కొమ్మకి తాకించింది. ఉయ్యాల కట్టిన కొమ్మకే. మీరు దీన్ని చిల్ల అంటారు, మా పెద్దోళ్ళు ఇండుప అంటారు, నాలుగు రోజుల నుంచీ దీని కిందే కూర్చుని నీళ్ళో అని ఏడుస్తున్నారేమిటమ్మా అంది.

అప్పుడు తన కొంగు ముడి విప్పింది. బొత్తాలంతేసి గింజలు, గుండ్రంగా, కాస్త అణిగి, బూడిదరంగులో. అడవిలో వాగు నీళ్ళు తాగే మనిషి కదా, ఎప్పుడూ కొంగున ఉంచుకునేదట. ఒక గింజ తడిపి పేరిందేవమ్మగారి బొటనవేలి కింద పెట్టింది. ఇప్పుడు తిప్పమంది.

పేరిందేవమ్మగారు తిప్పింది. కుండ గరుకు మీద గింజ గరగరా అరిగింది. లోపల తెల్లగా గంధం తీసినట్టు పూత పడింది. ఒక చుట్టు, రెండు చుట్లు, మూడు చుట్లు. ఆ తర్వాత ఎర్రనీళ్ళు పోసి, బాగా కలిపి, ఇక ముట్టుకోకండి అంది కోసమ్మ.

ఎంతసేపు పట్టిందో తెలుసా? పేరిందేవమ్మగారు కుండ పక్కన కూర్చుని దేవుడి పెట్టెలోంచి పత్తి తీసి వత్తులు చేసింది. వందో వత్తి చేసేసరికి బురదంతా పెరుగులా అడుక్కి దిగింది. సూరాంబ వంగి చూసింది. నీళ్ళలో చిల్లచెట్టు ఆకులు కనిపించాయి. ఆకుల మధ్య ఉయ్యాల కనిపించింది.

పై తేట మెల్లగా వంచారు. కాచారు. చల్లార్చారు. సూరాంబ ఆడపడుచు తల ఒళ్ళో పెట్టుకుని తాగించింది. మొదటి గుక్కకి నాంచారి కళ్ళు తెరిచింది. రెండో గుక్కకి ఇంకా అంది. మూడోసారి గ్లాసు తనే లాక్కుంది. పొద్దువాలే వేళకి పాలొచ్చాయి. పసిది రొమ్ము పట్టుకుంటే ఆ చప్పుడు గుట్టంతా విన్నదట. ఏడ్చే పిల్లకంటే తాగే పిల్ల చప్పుడే ఎక్కువగా ఉందే అని ఎవరో అంటే, నాలుగు రోజుల తర్వాత అందరూ నవ్వారట.

ఆ తర్వాత చూడు, గుట్ట మీద చిన్నా పెద్దా అంతా రాళ్ళ సందుల్లో పోయినేటి చిల్లగింజలు ఏరుకోవడమే. కలవారి ఇల్లాలొకావిడ ఇత్తడి బిందెలో రుద్దింది. నున్నటి బిందె కదా, గింజ జర్రున జారింది, అరగలేదు. అప్పుడు కుమ్మరి పోలమ్మ నెత్తి మీద చెయ్యి పెట్టుకుంది. అందుకా మా మావ నునుపు చెయ్యొద్దన్నాడు అని, ఒకచోట కూర్చుని నవ్వింది, నవ్వుతూ ఏడ్చింది. శేషయ్యగారు గింజ అరచేతిలో పెట్టుకుని చాలాసేపు చూశారు. నీళ్ళు తేర్చే కతకమనే చెట్టు ఉందని చిన్నప్పుడు చదివానమ్మా, మా గుడి వెనకాల గుట్ట మీదే ఉందని ఎరగను అన్నారు.

చూశావా అమ్మడూ. పేరు ఒకరింట్లో ఉండిపోయింది. కుండ ఒకరి చేతిలో ఉండిపోయింది. చెట్టు ఒకరికి తెలుసు. వరదొచ్చి అందర్నీ ఒక గుట్టెక్కిస్తేగానీ మూడూ కలవలేదు.

మరి ఆ ఇంట్లో గింజ ఎలా పోయిందంటావా? పేరిందేవమ్మగారికి తోచింది చెప్పింది. ఏ ముత్తాతో మంచి బావి తవ్వించి ఉంటాడు, నీళ్ళు అద్దంలా పడి ఉంటాయి, ఇక గింజెందుకని మానేసి ఉంటారు అంది. చెయ్యి మాత్రం అలవాటు మానలేదు. నోరు మాట మానలేదు.

ఆవిడ కోసమ్మ కాళ్ళకి దణ్ణం పెట్టబోయింది. కోసమ్మ వెనక్కి జరిగి, నాకెందుకమ్మా, చెట్టుకి పెట్టుకో అంది. ఆవిడ చెట్టుకీ పెట్టింది, కోసమ్మకీ పెట్టింది. అప్పుడు సూరాంబ వెళ్ళి అత్తగారి కాళ్ళ దగ్గర కూర్చుంది. ఆవిడ చెయ్యి తీసుకుని, ఆ బొటనవేలు కళ్ళకద్దుకుంది.

వరద తీసింది. కోసమ్మ తన గూడేనికి వెళ్ళిపోయింది. ఆ తర్వాత ఏటా కొండ దిగినప్పుడల్లా ఆ ఇంటికి వచ్చేది. భోజనం పెట్టందే పేరిందేవమ్మగారు పంపేది కాదు. ఆ చెట్టు కొమ్మ మీద మళ్ళీ ఎవరూ కత్తి పెట్టలేదు.

మూడో నెలలో నాంచారి అత్తవారింటికి బయల్దేరింది. అక్కడ నీళ్ళెలా ఉంటాయో వదినా అని, సూరాంబ ఆవిడ కొంగున మూడు గింజలు ముడేసింది. అప్పట్నుంచీ ఆ ఇంటి ఆడపిల్ల ఏ ఊరు వెళ్ళినా కొంగున మూడు గింజలతోనే వెళ్ళింది.

ఇంతకీ ఆ ఉయ్యాల్లో పిల్ల ఏమైందంటావా? పెరిగింది. పెద్దదైంది. పెళ్ళయి పిల్లల్ని కంది. పిల్లలకి పిల్లలు పుడితే, రాత్రిళ్ళు పక్కన పడుకోబెట్టుకుని ఈ కథే చెప్పేది. ఆవిడే మా అమ్మమ్మ. ఆ రోజు ఆ గుక్కెడు తేటనీళ్ళు దొరకకపోతే మా అమ్మ లేదు, నేను లేను, మీ అమ్మ లేదు, ఇదిగో ఈ బంగారు బుగ్గలూ లేవు.

ఇప్పుడు మన ఇంట్లో మిషన్లోంచి తేటనీళ్ళే వస్తాయి. ఉత్తినే కుండలో గింజ ఎందుకమ్మా అని మీ అమ్మ నవ్వుతుంది. నవ్వనీ. నీళ్ళు తేరడానికి కాదు నేను తిప్పేది. మొదటి చుట్టు ఏమీ తెలియకపోయినా మాట పారేయని ఆ తల్లికి. రెండో చుట్టు గరుకు కుండ చేసిన పోలమ్మకి. మూడో చుట్టు గింజేదమ్మా అని అడిగిన కోసమ్మకి. అంతే.

ఏమిటీ, అయితే ఇండుపమ్మ దేవత కాదా అంటావా? ఎవరన్నారే? దాహం తీర్చింది, నీడనిచ్చింది, ఉయ్యాల మోసింది. దేవతలు ఇంకేం చేస్తారు?

నా దేవుడి పెట్టెలో కుంకుమ భరిణె పక్కన చిన్న గుడ్డమూట ఉంది. అందులో మూడున్నాయి. రేపు పొద్దున్న కుండలో నువ్వు తిప్పుదువుగాని. చిన్నవేలు కదా, మెల్లగా తిప్పు. గింజ మాత్రం మరిచిపోకు. ఇక కళ్ళు మూసుకో.

కథేమో కంచికి,
మనమేమో ఇంటికి.
తేటేమో కుండకి,
నిదరేమో కంటికి.