తాంబూలం నోట్లో ఉండగా కురిసిన వాన

ఒకానొక రాజ్యంలో కవులు పాడితే మొక్కలు చిగుర్చేవి. అబద్ధమనుకుంటే మీ ఇష్టం, నేను మాత్రం చెప్పడం ఆపను. ఆ రాజ్యం పేరు రవళిసీమ. అక్కడ ఒక కవి గొంతెత్తితే మల్లెపాదు మొగ్గ తొడిగేది. ఇంకో కవి రాగం తీస్తే వడగాలి కాస్తా చల్లబడేది.

అయితే పాట ఒక్కటే చాలదు. వినేవాళ్లు "ఊఁ" కొట్టాలి. పాదు పెంచుకునే ఇల్లాలు ఊఁ కొడితేనే ఆ పాదు పూసేది. రాజ్యమంతటా వాన పడాలంటే సాక్షాత్తూ రాజుగారే ఊఁ కొట్టాలి. పాత రాజులందరూ కవి ముందు కూర్చుని చక్కగా ఊఁ కొట్టినవాళ్లే.

కొత్తగా గద్దెనెక్కిన ఉద్దండవర్మ మాత్రం ససేమిరా అన్నాడు.

"చిన్నపిల్లల్లా మేము ఊఁ కొట్టాలా? సింహాసనం మీద కూర్చునా? కావాలంటే 'భేష్' అంటాం, 'అనుమతించితిమి' అంటాం. అంతే!"

తన బదులు బాకా ఊదేవాడి చేత ఊఁ అనిపించాడు. వాన పడింది, పడకేం! ఆ బాకావాడి పెరట్లో బీరపాదు మీద నాలుగు చినుకులు. అక్కడితో సరి. ఊళ్లల్లో నారుమళ్లు నెర్రెలిచ్చాయి. ఆడవాళ్లు నారు కాపాడుకోవడానికి చెంబులతో నీళ్లు చల్లుతున్నారు. ఇక్కడ ఈయనగారికి మర్యాద అడ్డొచ్చింది! నాకు ఇప్పటికీ ఒళ్లు మండుతుంది తలుచుకుంటే.

చివరికి నేరం ఎవరి మీద పడింది? వాన పాటలు పాడే ముసలికవి ఎఱ్ఱయ మీద.

"నీ గొంతులో పస తగ్గింది. నేడే మా రాజ్యం విడిచి వెళ్లు" అన్నాడు రాజు.

ఎఱ్ఱయ ఇంటికి వెళ్లాడు. మూట కట్టుకున్నాడు. ఆయన మేనకోడలు పేరిందేవి ఆ కొలువులోనే చిలిపి పద్యాలు చెప్పే విదుషి. ఆవిడ నోటికి మంత్రులు కూడా జడిసేవారు.

"మామయ్యా, ఏడుస్తున్నావా?" అంది.

"నా సంగతి పోనీయవే తల్లీ. ఏ ఊరు పోయినా గంజి దొరుకుతుంది. ఆ నారు ఇంక రెండు ఎండలు కూడా తట్టుకోదు. ఇన్నేళ్లూ నా చేతుల మీదుగా పండిన పొలాలే అవి" అన్నాడు ముసలాయన కళ్లు తుడుచుకుంటూ.

పేరిందేవి కాసేపు ఆలోచించింది. తర్వాత ఆయన మూట తన భుజాన వేసుకుని, ఆయన్ని వెంటబెట్టుకుని తిన్నగా సభకు నడిచింది.

"ప్రభూ, మేం వెళ్లొస్తాం. కాని మన ఆచారం ప్రకారం దేశం విడిచే కవికి రాజుగారు తాంబూలం ఇచ్చి, తామూ ఒకటి వేసుకోవాలి. అది నములుతూ వీడ్కోలు పాట వినాలి. పాట ముగిసి కవి గడప దాటేదాకా ఉమ్మకూడదు" అంది.

"ఆచారాన్ని మేము తప్పుతామా?" అన్నాడు రాజు. రాచ తాంబూలమంటే మామూలు తాంబూలమా! లవంగాలు, జాజికాయ, పచ్చకర్పూరం దట్టించి, చిన్నపాటి బత్తాయి అంత చుట్టారు. ఉద్దండవర్మ గొప్పకు పోయి అది ఒక్కసారే నోట్లో పెట్టుకున్నాడు. బుగ్గలు రెండూ ఉబ్బాయి.

ఎఱ్ఱయ పాట ఎత్తుకున్నాడు.

"కొండ దిగి రండి మబ్బులారా,
కుండలెత్తి పోయండి చెలులారా,
మీ దారి చూసేను మా ఏలిక,
నేలమ్మ దాహాన్ని తాళలేక."

పాట అయిపోయింది. కిటికీ అవతల ఎండ అలాగే కాస్తోంది. పేరిందేవి నేల మీద సాగిలపడి, నుదురు గచ్చుకు ఆనించి అడిగింది.

"ప్రభూ, చిన్న అనుమానం. ఈ పాటలో నేలమ్మ దాహం తాళలేని ఆ ఏలిక తమరేనా? లేక పొరుగు రాజు గుణదత్తులవారా?"

రాజు గుండె మీద చరుచుకున్నాడు. తల అడ్డదిడ్డంగా ఊపాడు. తనవైపు వేలు చూపించుకున్నాడు.

"సాగిలపడి ఉన్నాను, నాకేమీ కనబడదు ప్రభూ. పలకడం లేదంటే గుణదత్తులవారే అయ్యుంటారు."

మంత్రి నోరు తెరవబోయాడు.

"రాజుగారి మనసులో మాట మంత్రిగారు చెబుతారా! ఎంత ధైర్యం!" అందావిడ. మంత్రి ఠక్కున నోరు మూసుకున్నాడు.

"సరే మామయ్యా, పద. పొరుగు దేశం పోయి, ఈ పాట ఆయనకే అంకితమిద్దాం. ఆఖరిసారి అడుగుతున్నాను ప్రభూ, ఆ ఏలిక తమరేనా?"

ఉద్దండవర్మ ముఖం కందగడ్డ అయింది. నోరు తెరిస్తే పట్టుబట్టలు పాడు, తెరవకపోతే కీర్తి గుణదత్తుడి పాలు. సింహాసనం మీంచి లేచి నిలబడి, బలమంతా కూడగట్టి ముక్కుతోనే అన్నాడు.

"ఊఁ!"

సభ కప్పు అదిరేలా ఉరిమింది. ఎండ ఎటుపోయిందో తెలియదు. చినుకు, చినుకు వెంట జల్లు, జల్లు వెంట జడివాన. వీధిలో జనం కేకలు పెడుతూ చిందులు వేశారు. ఎఱ్ఱయ వాకిట్లోకి వెళ్లి తడుస్తూ నిలబడి చిన్నపిల్లవాడిలా ఏడ్చేశాడు, ఈసారి సంతోషంతో.

కవి గడప దాటాడు కదా, రాజు తమ్మపడిగ అందుకుని ఉమ్మి గర్జించాడు.

"మోసం! మా చేత ఊఁ అనిపించావు! మా గౌరవం ఏం కావాలి?"

పేరిందేవి లేచి చీర దులుపుకుంది.

"అదేమిటి ప్రభూ! కవులంతా గొంతులు చించుకున్నా కదలని మబ్బులు, తమరు నోరైనా విప్పకుండానే పరిగెత్తుకొచ్చాయి. ఇంతకు మించిన గౌరవం ఏ రాజుకు దక్కింది?"

ఉద్దండవర్మ తెల్లబోయాడు. ఆ మాట ఒకసారి మనసులో తిప్పుకున్నాడు. మీసాల చాటున నవ్వు పుట్టింది, ఆపుకోలేకపోయాడు, పొట్ట పట్టుకుని పగలబడి నవ్వాడు. తన మెళ్లో హారం తీసి పేరిందేవికిచ్చాడు. శాలువా పట్టుకుని తానే వాకిట్లోకి వెళ్లి, తడిసిన ఎఱ్ఱయ భుజాన కప్పి చెయ్యి పట్టుకున్నాడు.

"కవిగారూ, మీరెక్కడికీ వెళ్లడం లేదు. ఏదీ, ఇంకొకటి పాడండి" అన్నాడు.

ఎఱ్ఱయ పాడాడు. రాజు ఆ వాకిట్లోనే, ఆ వానలోనే, చరణం చరణానికీ ఊఁ కొట్టడం మొదలుపెట్టాడు. రుచి మరిగాడేమో, చరణం ముగియకముందే కొడుతున్నాడు. వాన కుండపోత అయింది. ఎఱ్ఱయ పాట ఆపి రెండు చేతులూ జోడించాడు.

"కాస్త మెల్లగా ప్రభూ, గట్లు తెగిపోతాయి!"