మోయనిగుట్టకు ఆ పేరు వచ్చిన వైనం

పూర్వం, చేసిన కర్మ చేసినవారిని అంటక, చేసిన చోటి నేలను అంటుకునే కాలం ఒకటి ఉండేది. ఉర్వరదేశంలో క్షమాధరుడనే మహాముని చిరకాలం తపస్సు చేసి లోకానికి తెలియజెప్పిన ధర్మసూక్ష్మం అది. ఒకడు దానం చేస్తే ఆ పుణ్యం దాతకు గాక అతని వాకిటి బావికి చెంది, నీళ్ళు తియ్యనయ్యేవి. ఒకడు అబద్ధమాడితే ఆ పాపం వాడి నాలుకను వదిలి, కాళ్ళ కింది మట్టిలోకి దిగి, అక్కడి పంటను చేదు చేసేది. సిద్ధాంతం గొప్పదే గాని మనుషులు మనుషులే కదా! పుణ్యాలన్నీ ఇంటి దగ్గర చేసుకుని, పాపం చేయవలసి వచ్చినప్పుడు మాత్రం రాజధానికి తూర్పున ఉన్న గుట్ట ఎక్కడం నేర్చుకున్నారు. దొంగసాక్ష్యాలు అక్కడే, నమ్మకద్రోహాలు అక్కడే. అత్తను తిట్టదలచిన కోడలు సైతం గుట్టెక్కి, నోరారా తిట్టి, ముఖం కడుక్కుని మహాసాధ్విలా దిగివచ్చేది.

ఆ గుట్ట మీద కూడా కాపురాలున్నాయని ఎవరికీ పట్టలేదు. కొర్రలు పండించుకుని, మేకలు కాచుకుని బతికే ఆ కొద్ది కుటుంబాలకు పెద్దదిక్కు నాగసాని అనే ఇల్లాలు. వారు కలిమికి పేదలే గాని మర్యాదకు మహారాజులు. పగవాడు గడప తొక్కినా కాళ్ళకు నీళ్ళిచ్చి, "మా నేల మీ నేలే, రండి" అనందే వారికి ముద్ద దిగేది కాదు. ఏటికేడాది కొర్రగంజి చేదెక్కుతున్నా, పసిపిల్లలు ముఖం తిప్పుకుని ఏడుస్తున్నా, వారు ఆ మర్యాద మాత్రం తప్పలేదు.

ఇట్లుండగా ఉర్వరదేశాధీశుడైన ప్రతాపకేతుడు, తన తమ్ముడు సుకేతుని మీద ప్రజలకున్న ప్రేమను చూసి ఓర్వలేక, అతనిని వధించాలని నిశ్చయించాడు. రాజరక్తాన్ని రాజే స్వహస్తంతో చిందించాలని ఆ దేశపు కట్టుబాటు. కోటలో చంపితే కోట బావులు ఇంకిపోతాయి గనుక, మరునాడు గుట్ట మీదికి వస్తున్నానని భటులతో కబురు పంపాడు. ఆ మాట విని నాగసాని గుండె జారిపోయింది. అబద్ధాలకే చేదెక్కిన మట్టి ఇక తమ్ముని నెత్తురు కూడా తాగితే గడ్డిపరకైనా మొలవదు, గుట్ట విడిచి పోవలసిందే. పోదామంటే, పాపపుగుట్ట మనుషులను ఏ ఊరు రానిస్తుంది?

కాలు నిలవక ఆమె ఇల్లిల్లూ తిరిగి, చివరికి పుల్లవ్వ అరుగు మీద కూలబడింది. పుల్లవ్వ గుట్టకంతటికీ పేరుమోసిన గయ్యాళి. బుద్ధెరిగిన నాటి నుండి ఒక్క మనిషిని రమ్మని పిలిచి ఎరుగదు. ఆనాడు ఏ కళనున్నదో గాని, నాగసాని వాలకం చూసి ఇంత గంజి పోసింది. నోట పెట్టుకున్న నాగసాని ఉలిక్కిపడింది. గంజి కమ్మగా ఉంది! గుట్టంతా చేదు పండుతుంటే ఈ ముసలిదాని చెలకలో తీపి ఎట్లా పండిందని ఆలోచించగా ఆలోచించగా ఆమెకు విషయం బోధపడింది. నేల తనంత తాను ఎవరి కర్మనూ పుచ్చుకోదు, ఇల్లుగలవారు పిలిచినవారిదే పుచ్చుకుంటుంది. తరతరాలుగా ఊరివారి పాపాలను కాళ్ళు కడిగి మరీ లోపలికి పిలిచింది తామే. నాగసానికి ఏడుపూ నవ్వూ ఒక్కసారే వచ్చాయి.

మరునాడు పొద్దెక్కిన తరువాత రాజు వచ్చాడు, వెనుక సంకెళ్ళతో తమ్ముడు వచ్చాడు. నాగసాని నీళ్ళచెంబుతో ఎదురు వెళ్ళి, రాజును దాటిపోయి, సుకేతుని కాళ్ళు కడిగి, "మా నేల నీ నేలే, రా నాయనా" అన్నది. తరువాత చెంబు బోర్లించింది. అది చూసి ఆమె మరిది కొండప్పకు సిగ్గుతో తల కొట్టేసినట్లయింది.

"వదినా, దొరకు నీళ్ళియ్యవా? మన పరువేం గావాలె?" అన్నాడు.

"ఆ పరువు కోసమే ఇస్తలేను, కొండప్పా" అని ఆమె రాజు వైపు తిరిగింది. "దొరా, మిమ్ముల మేం రమ్మనలేదు. మీ పాపం మా మన్ను మొయ్యదు. మీరు చేసింది మీరే మోసుకపోండ్రి."

ప్రతాపకేతుడు పకపకా నవ్వి కత్తి దూశాడు. ఎత్తిన కత్తి ఎత్తినట్లే ఉండగా, అతని పాదాల కింది రాయి జానెడు లోతుకు కుంగి తప్పుకున్నది. ఉర్వరదేశమంతటికీ ఏలిక అయినవాడు కాలు మోపే చోటు లేక గాలిలో నిలిచిపోయాడు. పుట్టిన నాటి నుండి కాళ్ళ గుండా జారిపోతూ వచ్చిన కర్మకు ఆనాడు దారి లేకపోయింది. చేయబోయే హత్య బరువంతా వెనుదిరిగి అతని భుజాలకెక్కింది. తాను చంపబోయేది తమ్ముణ్ణని అతనికి అప్పుడు తెలిసివచ్చింది. కత్తి జారవిడిచి, "తమ్ముడా, పట్టుకోరా నన్ను!" అని అరిచాడు. సుకేతుడు సంకెళ్ళ చేతులతోనే అన్నను పొదివి పట్టి నేల మీదికి దించాడు. అన్నదమ్ములిద్దరూ భటుల ముందే బావురుమన్నారు. అప్పుడు నాగసాని మరొక చెంబు నీళ్ళు తెప్పించింది.

ఆ కబురు దేశమంతా పాకగా, పాపపుగుట్ట కాస్తా మోయనిగుట్ట అయింది, ఊరూరా జనం తమ నేల కూడా మోయదన్నారు. నిలువనీడ లేని కర్మలు, తమను చేసినవారిని వెతుక్కుంటూ వచ్చి వారి మీదనే నిలిచాయి. ఎవరి కర్మ వారిదేనని ఈనాడు లోకమంతా అలవోకగా అనే మాట మొదట పుట్టింది తమ గుట్ట మీదేనని ఇక్కడివారు తల ఎత్తుకుని చెబుతారు. చెప్పరా మరి! అంత మాట పుట్టించిన నేల ఇంకెక్కడుంది?

గుట్ట కొసన, నాగసాని గుడి ముందర, ఆ రాతిలో రెండు పాదాల మేర గుంటలు నేటికీ ఉన్నాయి. పాపాలు వదిలించుకుందామని దూరదేశాల నుండి వచ్చినవారికి పూజారి తీర్థమిచ్చి, "మీవి మీరు తీసుకుని వెళ్ళండి" అంటాడు. తెలియనివారు కొందరు నొచ్చుకుంటారు. తక్కినవారు మాత్రం గుట్ట దిగి, తమ ఇంటికి పోకముందే, తాము అన్యాయం చేసినవారి ఇంటికి వెళ్ళి తలుపు తడతారు.